టెండరులో న్యాయం: మనం నేర్చుకోవలసిన పాఠం

ఇండియన్ ఆయిల్, భారత్ పెట్రోలియం వంటి ప్రభుత్వ రంగ సంస్థలు పెట్రోలు, డీజిలు తరలించడానికి ట్యాంకరు లారీలను టెండర్ల ద్వారా కాంట్రాక్టుకు తీసుకుంటాయి. రేపు మనలో ఒకరు లారీ కొని టెండరు వేశారనుకుందాం. అర్హత ఉన్నా కాంట్రాక్టు రాకపోతే ఏం చేయాలి?

ఈ సంస్థలు తమకిష్టమైన వారికి పని ఇవ్వడానికి వీల్లేదు. 1980లో సోమ్ ప్రకాశ్ రేఖీ కేసులో భారత్ పెట్రోలియం కూడా 12వ అధికరణ ప్రకారం 'రాజ్యమే' అని సుప్రీంకోర్టు చెప్పింది. కనుక 14వ అధికరణలోని సమానత్వాన్ని అది పాటించాలి. పాటించకపోతే 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ వేయవచ్చు.

1979 నాటి రమణ దయారాం శెట్టి కేసు చూద్దాం. బొంబాయి విమానాశ్రయంలో హోటలు టెండరుకు అయిదేళ్ల అనుభవం ఉండాలన్నారు. ఆ అర్హత లేనివారికే ఇచ్చారు. తాను పెట్టిన షరతును తానే మీరరాదని కోర్టు తేల్చింది. కానీ ఆలస్యంగా వచ్చినందువల్ల అర్జీదారుకు ఫలితం దక్కలేదు. కాంట్రాక్టు రద్దు కాలేదు.

ఇంకో సంగతి. కోర్టు నిర్ణయం జరిగిన పద్ధతినే పరిశీలిస్తుంది, టెండరు ఎవరికివ్వాలో తాను నిర్ణయించదు. 1994లో టాటా సెల్యులార్ కేసు చెప్పిందిదే.

2012 నాటి కేంద్ర కొనుగోలు విధానంలో ఎస్సీ, ఎస్టీల చిన్న సంస్థలకు 4 శాతం లక్ష్యం ఉంది. అది తెలియక మనం వెనుకబడకూడదు.

కనుక మిత్రులారా! షరతులు పూర్తిగా చదువుదాం, ప్రతి రసీదు దాచుకుందాం, అన్యాయం జరిగితే వెంటనే అడుగుదాం. ఆలస్యమైతే న్యాయం మన పక్షాన ఉన్నా ఫలితం మనకు దక్కదు.