యంబుకు ఆసుపత్రి నేర్పే పాఠం



1976 సెప్టెంబరులో ఆఫ్రికాలోని జైరే (నేటి కాంగో) దేశంలో, యంబుకు కతోలిక మిషన్ ఆసుపత్రికి వింత జ్వరంతో రోగులు రాసాగారు. మలేరియా మందు పనిచేయలేదు. జబ్బేమిటో అంతుపట్టకపోయినా బెల్జియం మఠకన్యలు రోగులను విడిచిపోలేదు. 17 మంది సిబ్బందిలో 11 మంది ఆ జబ్బుకే బలయ్యారు. వారిలో మఠకన్యలూ ఉన్నారు. అదే ఎబోలా.

మొత్తం 318 మందికి సోకి, 280 మంది మరణించారు. రోజూ ఐదే సూదులను నీళ్లతో కడిగి అందరికీ వాడటం ఇందుకు ఒక ముఖ్య కారణమని తరువాత తేలింది.

విడిచిపోకపోవడం ప్రేమ. శుభ్రమైన సూది వాడటమూ ప్రేమే. ఒకటి లేక మరొకటి చాలదు.

ఆలోచించండి: మీ ఇంట ఇంజక్షన్ చేయించేటప్పుడు కొత్త సూదేనా అని అడుగుతున్నారా? వైద్యుడు “ఇంకా తెలియడం లేదు” అన్నప్పుడు రోగి దగ్గర ఎవరు కూర్చుంటున్నారు?