అమ్మకమా? ఏజన్సీయా?
(సరకును వర్తకున కప్పగించునపుడు తెలియవలసిన భేదము)

రైతు పంటను వర్తకుని కొట్టున దింపి, చీటి వ్రాయించుకొని యింటికి వచ్చును. సరకు అమ్మితినని రైతు తలచును. అమ్మిపెట్టుటకై ఉంచుకొంటినని వర్తకుడు చెప్పును. లావాదేవీలు సవ్యముగా సాగినంతకాలము ఈ భేదము పైకి కానరాదు. ధర పడిపోయిననాడు, వర్తకుడు దివాలా తీసిననాడు, తగవంతయు దీనిపైననే నిలుచును. కావున సభ్యులు దీనిని ముందుగనే తెలిసికొనుట మేలు.

1930 సంవత్సరపు సరకుల విక్రయ చట్టము ననుసరించి, ధరకు ప్రతిగా సరకుపై స్వామ్యము కొనువానికి సంక్రమించుటయే విక్రయము. 1872 సంవత్సరపు కాంట్రాక్టు చట్టము ననుసరించి, ఒకరి పక్షమున ఇతరులతో వ్యవహరించుటకు నియుక్తుడైనవాడు ఏజంటు. వాని చేతనున్న సరకు అమ్ముడుపోవు వరకు రైతుదే. అమ్మినపిదప అతడు తన కమీషను, న్యాయమైన ఖర్చులు మినహాయించుకొని తక్కిన పైకము చెల్లింపవలయును. అడిగినపుడు లెక్క చూపవలయును.

ఒక దృష్టాంతము. రైతు 20 క్వింటాళ్ల మిరపకాయలు అప్పగించెననుకొందము. క్వింటాలు 10,000 రూపాయలకు బేరము కుదిరి, నెలకు సొమ్మిత్తునని వర్తకు డొప్పుకొనినచో అది విక్రయము. పిమ్మట ధర 12,000 అయినను, 8,000 అయినను, రైతునకు రావలసినది 2,00,000 రూపాయలే. లాభనష్టములు వర్తకునివి. అట్లుకాక, “వచ్చిన ధరకు అమ్మిపెట్టుము, నూటికి 2 రూపాయలు కమీషను” అన్నచో అది ఏజన్సీ. 12,000 పలికినచో 2,40,000లో కమీషను 4,800 పోగా 2,35,200, అందుండి ఖర్చులు మినహా, రైతువి. 8,000 పలికినచో ఆ తగ్గుదలయు రైతుదే.

ఇక మూడు సందర్భములు మిక్కిలి ముఖ్యమైనవి.

1. అగ్నిప్రమాదము: విక్రయము పూర్తియై స్వామ్యము మారినచో సాధారణముగా నష్టము వర్తకునిది. ఏజన్సీయైనచో, అతడు తగిన జాగ్రత్త వహించియుండగా కాలిన సరకు నష్టము రైతుదే. కావున భీమా ఎవరు చేయించిరో అడుగవలయును.

2. దివాలా: విక్రయమైనచో రైతు తక్కిన అప్పులవారి వరుసలో నిలువవలయును. ఏజన్సీయైనచో, అమ్ముడుపోని బస్తాలు తనవని కోరవచ్చును; అయితే ఏజంటునకు న్యాయముగా రావలసినది చెల్లింపవలసియుండును.

3. కాలదోషము: 1963 కాలపరిమితి చట్టము ప్రకారము రెంటికిని గడువు 3 సంవత్సరములే. కాని విక్రయమున, గడువు పెట్టని యెడల, సరకు ఇచ్చిన దినమునుండియు, గడువు పెట్టిన యెడల ఆ గడువు తీరిననాటినుండియు లెక్క. ఏజన్సీలో, ఏజన్సీ నడచుచుండగా లెక్క యడిగి నిరాకరింపబడిన దినమునుండియు, అడుగనియెడల ఏజన్సీ ముగిసిననాటినుండియు లెక్క.

పేరును చూచి మోసపోరాదు. 1871లో ఇంగ్లండున తీర్పైన నెవిల్ వ్యాజ్యములో, సరకు ఏజంటువలె పుచ్చుకొన్న వర్తకుడు తన యిష్టమైన ధరకు అమ్ముకొని, యజమానికి మాత్రము ముందు నిర్ణయించిన ధరయే చెల్లించుచుండెను. న్యాయస్థానము అతనిని కొనుగోలుదారుగనే యెంచెను. రాజమహేంద్రవరపు కలప, వెదురు వర్తకసంస్థకు సంబంధించి 1968లో ప్రకటితమైన తీర్పునందు సుప్రీంకోర్టును, ఉభయులు వాడిన పేరు నిర్ణాయకము కాదనియు, ఒడంబడిక స్వభావమును షరతులను చూడవలెననియు చెప్పెను. అట్లే, వర్తకునివద్ద విత్తనములకో ఎరువులకో అప్పు తీసికొన్నంత మాత్రమున సరకు అతని కమ్మినట్లు కాదు.

కావున చీటిపై ఈ సంగతులు వ్రాయించుకొనుడు: సరకు అమ్మితిమా, అమ్మిపెట్ట నిచ్చితిమా? ధర యెంత, లేక కమీషను ఎంత? సొమ్ము లేక లెక్క యేనాటికి? తూకము, తేదీ, సంతకము తప్పక యుండవలెను. సహకార విక్రయసంఘమునకు సరకు అప్పగించునపుడును ఇవే ప్రశ్నలు వేయవలయును. అమ్మినవాడు ధర యడుగును. అమ్మిపెట్ట నిచ్చినవాడు లెక్క యడుగును. ఏది యడుగవలెనో యెరిగినవానికి సగము తగవు తీరినట్లే.