‘సిక్’ అంటే జబ్బు కాదు

ఈ నెల ఇంగ్లిష్ మాట: 8, 9, 10 తరగతుల తల్లిదండ్రుల కోసం



ఇంగ్లిష్ పేపర్లో ఎవరైనా ప్రముఖుల ట్వీట్‌ను అచ్చు వేసినప్పుడు, చివర బ్రాకెట్లలో ఎస్-ఐ-సి అనే మూడక్షరాలు కనిపిస్తుంటాయి. వాటిని ‘సిక్’ అని పలుకుతాం. జబ్బు అనే అర్థం వచ్చే ‘సిక్’ ఎలా పలుకుతామో ఇదీ అలాగే. అందుకే క్లాసులో ఎప్పుడు అడిగినా ఒకరిద్దరు పిల్లలు ‘ఆయనకి ఒంట్లో బాగాలేదేమో మేడమ్’ అంటారు. ఇంకొందరు ‘స్పెల్లింగ్ ఇన్‌కరెక్ట్’ అనే మాటలకు పొట్టి రూపం అంటారు. రెండూ కాదు. ఈ చిన్న మాట గురించి పెద్దవాళ్లు కూడా తెలుసుకోవలసింది ఒకటుంది. అది నాకు ఒక తాతగారి వల్ల తెలిసింది.

ఒక ప్రాజెక్టు, మూడు బ్రాకెట్లు

తొమ్మిదో తరగతి పిల్లలకు ‘మా ఇంట్లో పాత కాగితాలు’ అని ఒక ప్రాజెక్టు ఇచ్చాను. ఇంట్లో దాచిన ఉత్తరమో, రసీదో, అర్జీయో తీసుకుని, అందులోని వాక్యాలు ఎత్తి రాసి, వాటి గురించి ఒక పేజీ రాయాలి. ఒక అమ్మాయి వాళ్ల తాతయ్య సెలవు అర్జీ తెచ్చింది. ఆయన బస్సు కండక్టరుగా చేసి రిటైరయ్యారు. డిపో మేనేజరుకు ఇంగ్లిష్‌లో రాసుకున్న అర్జీ అది, కార్బన్ కాపీ. ఆ అమ్మాయి చక్కగా ఎత్తి రాసి, మూడు చోట్ల గుర్తు పెట్టింది:

‘ఐ యామ్ సఫరింగ్ ఫ్రమ్ ఫీవర్ సిన్స్ [సిక్] ఫోర్ డేస్.’

‘ఐ విల్ జాయిన్ డ్యూటీ ఆన్ 31 జూన్ [సిక్].’

‘కైండ్లీ డూ ద నీడ్‌ఫుల్ [సిక్].’

తొమ్మిదో తరగతిలో ఈ మాట వాడిన పిల్లను నేను అంతవరకు చూడలేదు. సంబరపడి పదికి పది వేశాను.

తర్వాతి పేరెంట్స్ మీటింగుకి వాళ్ల నాన్నకు బదులు తాతగారే వచ్చారు. ఫైలు తిరగేసి, ‘ఈ బ్రాకెట్లేంటండీ మేడమ్, నేను పెట్టలేదే’ అన్నారు. నేను నోరు తెరిచేలోపే మనవరాలు ‘తప్పున్న చోట అలా పెడతారు తాతయ్యా’ అంది. ఆయన నవ్వారు. ‘మూడేనా? ఇంకా ఎక్కువుంటాయనుకున్నానే’ అన్నారు. కాసేపాగి, ‘ఆ రోజుల్లో మా డిపోలో పక్కవాళ్ల అర్జీలు కూడా నాచేతే రాయించుకునేవాళ్లండీ’ అని ఫైలు మూసి నా చేతికిచ్చారు.

ఆ సాయంత్రం ఆ మూడు బ్రాకెట్లనూ మళ్లీ చూశాను. మూడింటిలో అవసరమైనది ఒక్కటే. మిగతా రెండూ పెట్టినందుకు మార్కులు వేసింది నేనే.

అసలు అర్థం

‘సిక్’ లాటిన్ మాట. ‘ఇలా’, ‘ఈ విధంగా’ అని అర్థం. ‘ఇలాగే రాసి ఉంది’ అనే లాటిన్ వాక్యం ‘సిక్ ఎరాట్ స్క్రిప్టుమ్’. దానిలో మొదటి మాట ఒక్కటే పెట్టినా భావం పూర్తిగా వస్తుంది. అందువల్ల ఇది పొట్టి రూపం కాదు, పూర్తి మాట. పక్కన చుక్క పెట్టకూడదు. స్పానిష్‌లో, ఇటాలియన్‌లో ‘ఔను’ అనడానికి వాడే ‘సీ’ కూడా ఈ లాటిన్ మాట నుంచి పుట్టిందే. ‘ఇలాగే’ అంటూ అంటూ అది ‘ఔను’ అయింది.

ఇంగ్లిష్ వ్యాకరణంలో దీన్ని యాడ్‌వర్బ్‌గా లెక్కిస్తారు. ‘ఎలా రాసి ఉంది?’ అనే ప్రశ్నకు జవాబు కాబట్టి. ఇదే స్పెల్లింగుతో ఇంకో ‘సిక్’ ఉంది. కుక్కను ఉసిగొల్పడం అనే క్రియ అది. వెతకడం అనే అర్థమున్న ‘సీక్’ నుంచి వచ్చింది. మన మాటకూ దానికీ చుట్టరికం లేదు.

తెలుగులో దీనికి దగ్గర మాటలు ‘యథాతథంగా’, ‘ఉన్నదున్నట్టు’. ‘మక్కికి మక్కి’ అని కూడా అంటాం గానీ, అందులో కాస్త ఎగతాళి ఉంటుంది. ‘సిక్’ చెప్పేది ఇంతే: ‘నేను చూసిన కాగితంలో ఇలాగే ఉంది, ఎత్తి రాయడంలో నేను పొరబడలేదు.’

ఈ అవసరం మనవాళ్లకూ తెలుసు. తాళపత్రాలకు నకళ్లు రాసిన లేఖకులు చివర ఒక శ్లోకం చేర్చే ఆచారం ఉండేది. మూలంలో ఎలా చూశానో అలాగే రాశాను, తప్పైనా ఒప్పైనా దోషం నాది కాదు, అన్నది దాని సారం. ‘సిక్’ మూడక్షరాల్లో చెప్పేదాన్ని వాళ్లు శ్లోకంలో చెప్పారు. ఆ మాట చెప్పుకున్నది ఎత్తి రాసిన మనిషి తన గురించి. మూలం రాసిన కవిని వేలెత్తి చూపడానికి కాదు. తేడా అంతా ఇక్కడే ఉంది.

ఎక్కడ పెట్టాలి, ఎలా పెట్టాలి

1. కొటేషన్ గుర్తుల మధ్య ఉన్న మాటలకే ‘సిక్’ వర్తిస్తుంది. ఎవరో అన్నదాన్ని మన సొంత మాటల్లో చెబుతున్నప్పుడు దీనితో పని లేదు. మన వాక్యం మనమే సరిగ్గా రాయాలి.

2. తప్పున్న మాట పక్కనే పెట్టాలి. వాక్యం చివర పెడితే ఏ మాట గురించో పాఠకుడికి తెలియదు. ట్వీట్ మొత్తానికి చివర ఒకే ‘సిక్’ తగిలించడం పేపర్ల అలవాటు. పిల్లల ప్రాజెక్టులకు అది సరిపోదు.

3. స్క్వేర్ బ్రాకెట్లు వాడడం మంచిది. కొటేషన్ లోపల స్క్వేర్ బ్రాకెట్లలో ఉన్నది మూల రచయితది కాదు, ఎత్తి రాసినవారు చేర్చింది అని లెక్క. మామూలు బ్రాకెట్లు పెడితే అది మూలంలోనే ఉందనుకునే ప్రమాదం ఉంది.

4. అక్షరదోషానికే కాదు, వాస్తవదోషానికీ ఇది పనికొస్తుంది. జూన్‌కు 30 రోజులే. ‘31 జూన్’ అని కనిపిస్తే, ఎత్తి రాసిన పిల్లే పొరబడిందని ఎవరైనా అనుకుంటారు. అందుకే ఆ అర్జీలో రెండో ‘సిక్’ న్యాయమైనది.

ఎక్కడ పెట్టకూడదు

పాత స్పెల్లింగులకు పెట్టకూడదు. 1787లో రాసిన అమెరికా రాజ్యాంగంలో ‘ఎన్నుకోవడం’ అనే అర్థమున్న ‘చూజ్’ను ఇప్పటిలా రెండు ‘ఓ’లతో కాక ‘యు’తో రాశారు. ఆ కాలంలో అదీ చెల్లుబాటయ్యే రూపమే. అదే రాజ్యాంగంలో సంతకాల దగ్గర ‘పెన్సిల్వేనియా’ పేరులో ఒక ‘ఎన్’ తగ్గింది. ముందు పేజీల్లో అదే పేరు రెండు ‘ఎన్’లతో ఉంది. ఇలాంటి చోట ‘సిక్’ పెడితే అర్థముంది, పాఠకుడికి అనుమానం తీరుతుంది.

అమెరికన్, బ్రిటిష్ తేడాలకు పెట్టకూడదు. ‘కలర్’లో ‘యు’ లేకపోతే తప్పు కాదు, అది అమెరికా పద్ధతి.

మన దేశపు ఇంగ్లిష్‌కు పెట్టకూడదు. ‘లాఖ్’, ‘క్రోర్’, ‘ప్రీపోన్’ మనం రోజూ వాడే మాటలు. ‘డూ ద నీడ్‌ఫుల్’ కూడా అంతే. మన ఆఫీసు ఉత్తరాల్లో తరతరాలుగా నడిచిన వాడుక అది. దాన్ని తప్పని గుర్తు పెట్టడమే తప్పు.

ఇక ‘సిన్స్ ఫోర్ డేస్’. వ్యాకరణం ప్రకారం అక్కడ ‘ఫర్’ రావాలి, నిజమే. పరీక్షలో అలా రాస్తే మార్కు పోతుంది. కానీ ఆ వాక్యం చదివినవారికి అర్థం కాకపోయే ప్రమాదం లేదు. మనమంతా నాలుగు రోజుల ‘నుంచి’ జ్వరం అనుకుంటాం కాబట్టి, చేయి ‘సిన్స్’ వైపే పోతుంది. అది తెలుగు మనసు రాసిన ఇంగ్లిష్. అలాంటి ప్రతి మాట పక్కనా ‘సిక్’ పెట్టుకుంటూ పోతే, అర్జీలో ఏముందో ఎవరూ చదవరు. ఎన్ని తప్పులున్నాయో లెక్కపెడతారు.

‘సిక్’ కాకుండా వేరే దారులు

మొదటిది, ఆరంభంలో ఒక్క వాక్యం: ‘ఉత్తరంలోని భాషను మార్చకుండా ఉన్నదున్నట్టు ఇచ్చాను.’ ఇది రాస్తే తర్వాత చాలా బ్రాకెట్ల అవసరం తప్పుతుంది. రెండోది, స్పష్టమైన అచ్చుతప్పును మౌనంగా దిద్దడం. పుస్తకాలకు ఇది చెల్లుతుంది గానీ, పాత కాగితాన్ని సాక్ష్యంగా చూపించేటప్పుడు కూడదు. మూడోది, జారిపోయిన మాటను స్క్వేర్ బ్రాకెట్లలో మనమే చేర్చడం. 1969లో చంద్రుడిపై కాలుపెట్టినప్పుడు నీల్ ఆర్మ్‌స్ట్రాంగ్ అన్న ప్రసిద్ధ వాక్యంలో ‘మ్యాన్’కు ముందు ‘ఎ’ వినిపించదు. అది లేకపోతే ‘ఒక మనిషి’ కాస్తా ‘మానవజాతి’ అయి అర్థం తిరగబడుతుంది. ఆయన ఉద్దేశం ‘ఎ’తోనే. అందుకే చాలాచోట్ల ఆ ఒక్క అక్షరాన్ని బ్రాకెట్లలో పెట్టి అచ్చు వేస్తారు. ‘సిక్’ పెట్టినా వ్యాకరణపరంగా తప్పు కాదు. కానీ బ్రాకెట్లోని ‘ఎ’ ఆయన చెప్పదలచుకున్నది మనకు అందిస్తుంది, ‘సిక్’ ఆయన తడబాటును మాత్రమే చూపిస్తుంది.

ఇంట్లో చేయించండి

పేపరు ముందు పెట్టుకుని పిల్లలతో పది నిమిషాలు కూర్చోండి. ఈ కింది చోట్ల ‘సిక్’ కావాలా వద్దా అని అడగండి. కారణం కూడా చెప్పమనండి.

అ) ఒక పోస్టరులోని వాక్యం ఎత్తి రాస్తున్నారు: ‘వన్ కిలోమీటర్ ఈజ్ 100 మీటర్స్.’

ఆ) అమెరికాలో ఉన్న బాబాయి మెయిల్‌లో ‘సెంటర్’ చివర ‘ఇ-ఆర్’ ఉంది.

ఇ) స్నేహితుడి వాట్సాప్ మెసేజ్‌లో ‘యు’ అని ఒక్క అక్షరమే ఉంది.

ఈ) పిన్ని ఇంగ్లిష్‌లో అన్న మాటను సొంత వాక్యంలో చెబుతున్నారు. పిన్ని వాక్యంలో వ్యాకరణ దోషం ఉంది.

ఉ) ఆహ్వానపత్రికలో ఒకే వ్యక్తి పేరు రెండు రకాల స్పెల్లింగులతో ఉంది.

జవాబులు: (అ) కావాలి, వాస్తవదోషం. (ఆ) వద్దు, అమెరికా పద్ధతి. (ఇ) వద్దు, అది తెలిసి రాసిన పొట్టి రూపం. (ఈ) వద్దు, అది కొటేషన్ కాదు. (ఉ) రెండూ ఎత్తి రాయాల్సి వస్తే తేడాగా ఉన్నచోట కావాలి. ఏది సరైనదో తెలుసుకుని రాస్తే ఇంకా మంచిది.

చివరగా పిల్లలకు ఒక ప్రశ్న నేర్పండి. ‘సిక్’ పెట్టేముందు తమను తాము అడగాలి: ‘ఇది లేకపోతే చదివేవాళ్లు పొరబడతారా, లేక నాకు ఇంగ్లిష్ బాగా వచ్చని చూపించుకోవడానికి పెడుతున్నానా?’ రెండోదైతే తీసేయాలి.

ఆ ప్రాజెక్టు సంగతి

మర్నాడు ఆ అమ్మాయిని పిలిచి, పొరపాటు నాదేనని చెప్పి, ఇద్దరం కూర్చుని మళ్లీ చూశాం. మొదటి, మూడో బ్రాకెట్లు తీసేసింది. పేజీ పైన ‘తాతయ్య రాసింది రాసినట్టే ఇస్తున్నాను’ అని ఒక వాక్యం చేర్చింది. ‘31 జూన్’ పక్కన మాత్రం గుర్తు ఉంచింది. ‘మరి తాతయ్య నిజంగా ఏ రోజు డ్యూటీలో చేరారు?’ అని అడిగాను. తెలియదంది. ఇంటికెళ్లి అడిగి వచ్చింది. జూలై 1న చేరారట. జ్వరంలో రాస్తూ నెల మారుతుందన్న సంగతి గుర్తు రాలేదట. ఆ విషయం పేజీ కింద రెండు వాక్యాల్లో రాసింది.

మొదటిసారి పదికి పది వేసేశాను కాబట్టి ఇంక వేయడానికి మార్కులు మిగల్లేదు. ఈసారి ఫైలు తాతయ్యకు చూపించమని ఇంటికి పంపాను.

మీ ఇంట్లోనూ ఇలాంటి పాత కాగితాలు ఉంటే ఈ నెల పిల్లలకు చూపించండి. వాటిని పిల్లలు ఎత్తి రాస్తున్నప్పుడు పక్కన కూర్చోండి.

మీ ఇంగ్లిష్ టీచర్