గుఱి కొట్టుటయు, గుఱి నేర్పుటయు

మన దేశమున క్రీడలయందు ప్రజ్ఞ చూపినవారికి ప్రభుత్వమువారు అర్జునుని పేరిట ఒక బహుమానమును, ఆ ప్రజ్ఞను ఇతరులకు నేర్పినవారికి ద్రోణాచార్యుని పేరిట వేఱొక బహుమానమును ఇచ్చుచున్నారు. సుమా శిరూర్ అను వనితకు 2003లో మొదటిదియు, 2022లో రెండవదియు లభించెను. శిష్యుని పేరి బహుమానమునుండి గురువు పేరి బహుమానము వఱకు ఆమె నడచిన త్రోవను విద్యార్థుల కెఱిగింప నెంచితిమి.

ఈమె 1974లో కర్ణాటకమునందలి చిక్కబళ్లాపురమున జన్మించెను. ఈమె పాల్గొనినది పది మీటర్ల గాలి తుపాకి పందెము. ఈ తుపాకిలో మందు ఉండదు. బిగబట్టిన గాలి త్రోపుడుచే 4.5 మిల్లీమీటర్ల సీసపు గుండు వెలువడును. 10 మీటర్ల దూరమున వలయములు గల గుఱి యుండును. దాని నడిమి చుక్క వెడల్పు అర మిల్లీమీటరు మాత్రమే. విద్యార్థులారా, మీ కొలబద్దపై నున్న మిక్కిలి చిన్న భాగమును చూచి, అందు సగమును ఊహింపుడు. గుండు అంచైనను ఆ చుక్కను సోకినచో 10 మార్కులు వచ్చును.

నిలుచుండి, 5 కిలోగ్రాములకు పైబడిన బరువుండదగిన తుపాకిని మోయుచు దీనిని సాధింపవలెను. గుండె కొట్టుకొనినంతమాత్రముననే తుపాకి మొన కదలును. కావున ఊపిరిని కొంత విడిచి, క్షణకాలము నిలిపి, మీటను మెల్లగా నొక్కవలెను. గుండు వెడలిన పిమ్మటను కొంచెము సేపు కదలక నిలువవలెను. ఆ కాలమున స్త్రీలు 40 మాఱులు కాల్చుచుండిరి. మొత్తము మార్కులు 400.

సుమా శిరూర్ 2002లో మాంచెస్టరున జరిగిన కామన్‌వెల్తు క్రీడలలో అంజలీ భాగవత్‌తో జతగూడి బంగారు పతకము నందెను. 2004లో కౌలాలంపూరున జరిగిన ఆసియా పోటీలో ఆమె 400 మార్కులకు 400 మార్కులను పొంది, నాటి ప్రపంచపు అత్యున్నత గణనతో సమానురాలయ్యెను. నలువది గుండ్లలో ఒక్కటియు తప్పలేదు. అదే సంవత్సరమున ఏథెన్సు ఒలింపిక్కు క్రీడలలో తుది పోటీకి చేరిన ఎనమండ్రలో ఆమె యొకతె. కాని ఆమెకు దక్కినది ఎనిమిదవ స్థానము. కొలది నెలలకు ముందు ఏ లోపమును లేని చేయియే అది.

ఆమె అభ్యాసమును మానలేదు. తాను నేర్చినదానిని తనయొద్దనే ఉంచుకొనను లేదు. 2006లో నవీ ముంబయిలో 'లక్ష్య' అను శిక్షణాలయమును స్థాపించెను. పిమ్మట ఆమెకు శిష్యురాలైనవారిలో జయపుర నగరవాసిని అవనీ లేఖరా యొకతె. 2012లో మోటారు ప్రమాదమున ఈ బాలికకు వెన్నెముక దెబ్బతిని, కాళ్లు స్వాధీనము తప్పెను. తండ్రి ప్రోత్సాహముచే ఆమె 2015లో తుపాకి పట్టెను.

ఇచ్చట ఉపాధ్యాయుల మైన మేము ఒక సంగతిని గమనించితిమి. నిలుచుండి కాల్చిన గురువు, చక్రముల కుర్చీలో కూర్చుండి కాల్చు శిష్యురాలితో “నేను చేసినట్లు చేయుము” అని చెప్పజాలదు. కాళ్ల ఆధారము లేనిచోట వీపును భుజములును ఆ పనిని వహింపవలెను. తన కభ్యాసమైన నిలుకడను ప్రక్కనబెట్టి, శిష్యురాలి శరీరమునకు తగిన నిలుకడను గురువు క్రొత్తగా వెదకవలెను. తనకు వచ్చుట వేఱు, ఎదుటివారికి వచ్చునట్లు చేయుట వేఱు.

2021 ఆగష్టు 30వ తేదీన టోకియోలోని పారాలింపిక్కు క్రీడలలో అవని తుది పోటీయందు 249.6 మార్కులతో బంగారు పతకమును గెలిచెను. ఆ క్రీడలలో బంగారు పతకము పొందిన భారతస్త్రీలలో ఆమెయే మొదటిది. తుది పోటీలో 24 గుండ్లు కాల్తురు. ఒక్కొక్క గుండునకు 10.9 వఱకు ఇత్తురు. భాగహారము చేసి చూడుడు: ఆమె సగటు సరిగా 10.4. మూడేండ్లకు, 2024లో, పారిసు నగరమున అదే ఆగష్టు 30వ తేదీన 249.7 మార్కులతో మరల బంగారమే.

తల్లిదండ్రులకు ఒక మాట మనవి చేయుచున్నాము. ఒక పరీక్షలో నూటికి నూఱు వచ్చిన బిడ్డ మఱుసటి పరీక్షలో వెనుకబడినచో, చదివినదంతయు పోయినదని తలంపకుడు. ఏథెన్సులో ఎనిమిదవ స్థానము పొందిననాడు సుమా శిరూర్ విద్య ఎచ్చటికిని పోలేదు. విద్యార్థులారా, మీకు చక్కగా వచ్చిన లెక్కను రాని ప్రక్క బాలునికి నేర్పి చూడుడు. మీరు చేసిన విధమున అతనికి బోధపడనిచో, అతనికి బోధపడు విధమును వెదకుడు.