నడుముకు కట్టిన ఖజానా

కళాశాల సావనీరుకు ఒక వ్యాసం రాసి పంపవలసిందని విద్యార్థి సంఘం వారు కబురు పెట్టినప్పుడు, "దేని గురించి రాయాలి నాయనా?" అని అడిగాను. "మీ ఇష్టం సార్, మ్యాగజైన్‌కు పనికివచ్చేది ఏదైనా సరే" అన్నాడు ఆ అబ్బాయి. ముప్పై ఏళ్లు పోలీసు కొలువు చేసినవాడికి మ్యాగజైన్ అంటే మొదట తట్టేది పుస్తకం కాదు. పిస్తోలు పిడిలో దూరే ఇనుప డబ్బీ, దానిలో వరసగా పేర్చిన తూటాలు. కనుక ఆ అబ్బాయి మాటను అక్షరాలా పాటిస్తున్నాను. ఈ వ్యాసం మ్యాగజైన్‌కు పనికివచ్చే సంచి గురించి. దానినే మేము పౌచ్ అంటాము.

నవ్వులాటకు అన్నా, ఈ రెండు మ్యాగజైన్లూ ఒక తల్లి బిడ్డలే. అరబ్బీలో 'మఖ్జన్' అంటే సరుకు దాచే కొట్టు. ఆ మాట ఐరోపాకు వెళ్లి మందుగుండు కొట్టు అయింది. 1731లో లండన్‌లో ఎడ్వర్డ్ కేవ్ అనే ఆయన 'జెంటిల్‌మన్స్ మ్యాగజైన్' స్థాపించి, రకరకాల రాతలు నింపిన కొట్టు అనే అర్థంలో పత్రికకు ఆ పేరు పెట్టాడు. మనం రోజూ వాడే 'ఖజానా' కూడా ఆ అరబ్బీ ధాతువు నుంచి పుట్టినదే. దాచుకోవడం, అవసరానికి తీసుకోవడం - ఖజానా పని ఈ రెండే. మ్యాగజైన్ పౌచ్ పని కూడా ఈ రెండే.

కోయిలకుంట్లలో పుట్టినవానికి ఖజానా అనగానే గుర్తుకు వచ్చేది 1846. ఆ ఏడు జులైలో ఉయ్యాలవాడ నరసింహారెడ్డి తన మనుషులతో వచ్చి కోయిలకుంట్ల ఖజానా మీద పడ్డాడు. 1847 ఫిబ్రవరి 22న కుంఫిణీ ప్రభుత్వం ఆయనను మా ఊళ్లోనే ఉరి తీసింది. ఆ చరిత్ర మీకు తెలిసినదే. ఆ కాలపు సిపాయి నడుము మీద ఏముండేదో మాత్రం పాఠాల్లో చెప్పరు. అప్పుడు తూటా అంటే కాగితపు పొట్లం. లోపల మందు, సీసపు గుండు. పొట్లం కొన పంటితో కొరికి, మందు తుపాకీ గొట్టంలో పోయాలి. ఒక్క చినుకు తగిలితే మందు ముద్దయిపోతుంది. ఒక్క రవ్వ తగిలితే మనిషే పోతాడు. అందుకని దళసరి తోలు పెట్టె, లోపల గుంటలు తొలిచిన చెక్క దిమ్మె, ఒక్కో గుంటలో ఒక్కో తూటా, పైన పెట్టె ముందరి భాగమంతా కప్పే పెద్ద తోలు మూత. చూడడానికి మోటు సరుకు. దానిలో అలంకారం కోసం పెట్టినది తక్కువ, అవసరం కోసం పెట్టినది ఎక్కువ.

నా తెలివి చూపించిన రాత్రి

ఈ పాఠం నేను పుస్తకంలో నేర్చుకోలేదు. సబ్ ఇన్‌స్పెక్టరుగా చేరిన కొత్తలో, కోయిలకుంట్లకు కొంత దూరాన ఉన్న ఒక ఊరిలో నేర్చుకున్నాను. శాఖ ఇచ్చిన పాత పౌచ్ నాకు నచ్చలేదు. పట్నం పోయినప్పుడు ఒక దుకాణంలో నల్లగా నిగనిగలాడే జంట పౌచ్ కొన్నాను. రెండు మ్యాగజైన్లకూ కలిపి ఒకే మూత. దానికి అయస్కాంతపు బటన్. వేలితో తాకితే తెరుచుకుంటుంది. "ఏ సైజు మ్యాగజైనైనా సరిపోతుంది సార్" అన్నాడు దుకాణదారు. ఆ మాటకే నేను జాగ్రత్తపడి ఉండవలసింది. అన్ని కాళ్లకూ సరిపోయే చెప్పు ఏ కాలికీ సరిగ్గా సరిపోదు.

ఒక రాత్రి ఆ ఊళ్లో రెండు వర్గాలకు తగవు అని కబురు వచ్చింది. మేము పోయేసరికి ఒకడు చేలోకి పరుగు తీశాడు. నేనూ వెంటపడ్డాను. రేగడి నేల, పైగా రెండు దినాల కిందటి వాన. రెండు గట్లు దూకి, ఒకసారి బోర్లా పడి, ఎలాగో మనిషిని పట్టుకున్నాము. తిరిగి జీపు దగ్గరికి వచ్చి నడుము తడుముకుంటే, పౌచ్‌లో ఒక వైపు ఖాళీ. మ్యాగజైన్ లేదు. పదమూడు తూటాలు.

నా గుండె జారిపోయింది. ముందు తట్టినది నా ఉద్యోగం. అది దాచడమెందుకు? మా హెడ్ కానిస్టేబులు నాకంటే ఇరవై ఏళ్లు పెద్ద. ఆయన నన్ను పక్కకు పిలిచి, "సార్, మీరేమీ అనుకోనంటే ఒక మాట. మన ఉద్యోగం సంగతి తర్వాత చూస్తాము. పొద్దున్నే ఈ చేలల్లోకి గొర్లు తోలుకోని పిల్లోళ్లు వస్తారు. వాళ్లకు దొరికితే యెట్ల?" అన్నాడు.

అంతవరకు ఆ సంగతి నాకు తోచలేదు. ఇత్తడి తూటా పిల్లవాడి కంటికి ఆటవస్తువు. రాయితో కొడితే పేలవచ్చు. గొట్టం లేకుండా పేలిన గుండు దూరం పోకపోయినా, చీలిన ఇత్తడి ముక్క కన్ను తీసేస్తుంది. ఆ ఊరి తగవులో ఎవరో ఒకరి చేతికి చిక్కినా ముప్పే. టార్చిలైట్లు పట్టుకుని నలుగురం తెల్లవారేదాకా వచ్చిన దారి పొడుగునా వెతికాము. దొరకలేదు.

పొద్దు పొడిచినాక చూస్తే, రెండో గట్టు అవతల, బండ మీద, పదేళ్ల పిల్లవాడు కూర్చుని ఉన్నాడు. మ్యాగజైన్ వాడి ఒళ్లో ఉంది. బొటనవేలితో నెట్టి మూడు తూటాలు అప్పటికే బయటికి తీసి, బండ మీద వరసగా నిలబెట్టాడు. నన్ను చూసి భయపడలేదు. "ఇయ్యి మీయేనా సారూ? ఇంగా ఉండాయి దీంట్లో" అన్నాడు. వాడి చేతి పక్కనే గుప్పెడంత రాయి ఉంది. దేనికో నేను అడగలేదు.

లెక్క పెట్టాము. పదమూడూ ఉన్నాయి. జరిగినదంతా నేనే పై అధికారికి రాసి ఇచ్చాను. మెమో వచ్చింది. అది న్యాయమే.

పట్టూ విడుపూ

పెద్దవాళ్లు మనిషికి పట్టువిడుపులు ఉండాలంటారు. పౌచ్‌కు కూడా అంతే. పట్టు మరీ ఎక్కువైతే అవసరానికి చేతికి రాదు. విడుపు ఎక్కువైతే అవసరం లేనప్పుడే జారిపోతుంది. నా జంట పౌచ్‌కు విడుపే గాని పట్టు లేదు. ఒక్క మూత తెరుచుకుంటే రెండు అరలూ తెరుచుకున్నట్టే.

ఇది నా ఒక్కడి తప్పు కాదని తర్వాత చదివి తెలుసుకున్నాను. బ్రిటిష్ సైన్యం 1908లో నూలు పట్టీలతో చేసిన కొత్త సామాను ప్రవేశపెట్టింది. సిపాయి నడుము మీద పది పౌచ్‌లు, ఒక్కో దానిలో 15 తూటాలు, మొత్తం 150. ఐదేసి తూటాలు గుచ్చిన క్లిప్పులుగా వాటిని .303 రైఫిల్‌లోకి ఎక్కించేవారు. మొదటి ప్రపంచయుద్ధం వచ్చి, సిపాయిలు కందకపు గోడకు ఆనుకుని కాల్చడం మొదలుపెట్టగానే, ఎడమవైపు పౌచ్‌ల మూతలు ఒరుసుకుని తెరుచుకుని తూటాలు బురదలో పడిపోయాయి. తర్వాత ఆ పౌచ్‌లకు అదనంగా ఒక పట్టీ కుట్టవలసి వచ్చింది. మైదానంలో నిలబడి చూస్తే బాగున్నది కందకంలో ఓడిపోయింది. ఏ వస్తువునైనా వాడే భంగిమలోనే పరీక్షించాలి.

ఎంచుకునే పద్ధతి

మన పోలీసు శాఖల్లో చాలాకాలం వాడిన 9 మిల్లీమీటర్ల పిస్తోలు బ్రౌనింగ్ నమూనాలో, బెంగాల్‌లోని ఈశాపూర్ రైఫిల్ ఫ్యాక్టరీలో తయారైనది. దాని మ్యాగజైన్‌లో 13 తూటాలు. తూటా ఒక్కటి సుమారు 12 గ్రాములు; డబ్బీతో కలిపితే పావు కిలో దగ్గర. పరుగెత్తే మనిషి నడుము మీద ఆ పావు కిలో ప్రతి అడుగుకూ ఎగురుతుంది. ఈ సంగతి మనసులో పెట్టుకుని కిందివి చూడాలి.

ఒకటి, కొలత. మీ మ్యాగజైన్‌కే కుట్టిన పౌచ్ కావాలి. ఒక్కో మ్యాగజైన్‌కు ఒక్కో అర, మూత ఉంటే ఒక్కో అరకు ఒక్కో మూత.

రెండు, బెల్టు. పౌచ్ వెనక ఉన్న తొడుగు బెల్టు వెడల్పుకు సరిగ్గా ఉండాలి. వదులైతే పౌచ్ పక్కకు జరుగుతుంది. రాత్రిపూట చెయ్యి పోయిన చోట అది ఉండదు. బెల్టు కూడా గట్టిదై ఉండాలి. మెత్తని బెల్టు మీద ఎంత మంచి పౌచ్ అయినా వేలాడుతుంది.

మూడు, చోటు. కుడిచేతివాటం వాళ్లకు పిస్తోలు కుడివైపు గనుక పౌచ్ ఎడమవైపు, తుంటికి కాస్త ముందు. గుండు మొనలు ముందుకు చూడాలి. అప్పుడు మ్యాగజైన్ పట్టుకోగానే చూపుడువేలు పై తూటా మొన దగ్గరికి వస్తుంది. చీకట్లోనూ తిరగేసి పెట్టే పొరపాటు జరగదు. ఒకసారి పెట్టిన చోటు మళ్లీ మార్చకూడదు.

నాలుగు, సరుకు. తోలు ఏళ్ల తరబడి మన్నుతుంది, చప్పుడు చెయ్యదు. అయితే చెమట పీలుస్తుంది. తూటాలు నెలల తరబడి అందులోనే ఉంటే ఇత్తడికి పచ్చని చిలుము పడుతుంది. డ్యూటీ దిగగానే తీసి తుడవాలి. నైలాను తేలిక, వానకు చెడదు. దాని మూతకు వెల్క్రో ఉంటే మన సీమ దుమ్ము, గడ్డిపోచలు పట్టి నాలుగు నెలల్లో పట్టు తప్పుతుంది. తీసేటప్పుడు బర్రుమని చప్పుడు కూడా. గట్టి ప్లాస్టిక్ పౌచ్ మ్యాగజైన్‌ను బిగువుతోనే పట్టుకుంటుంది. చాలావాటికి మూత అక్కరలేదు. కాని దాని మరలు వదులవుతుంటాయి, వారానికొకసారి చూసుకోవాలి. మే నెల ఎండలో నిలిపిన జీపు అద్దం కింద పెడితే ఆకారం మారే ప్రమాదం ఉంది. దోషం లేని సరుకు లేదు. దాని దోషం తెలిసి వాడడమే మనం చేయగలిగింది.

ఐదు, పరీక్ష. పిస్తోలు ఖాళీ చేసి పక్కన పెట్టి, డమ్మీ తూటాలు నింపిన మ్యాగజైన్‌తో చెయ్యాలి. పౌచ్ తలకిందులు చేసి విదిలించండి. బెల్టుకు కట్టుకుని పరుగెత్తండి, గోడ దూకండి, బోర్లా పడుకోండి, జీపు ఎక్కి దిగండి. కళ్లు మూసుకుని పదిసార్లు తీయండి. చూడకుండా ఒక్క చేత్తో మళ్లీ పెట్టండి. రేగడి దుమ్ములో పొర్లించి మళ్లీ ఇదంతా చేయండి. అన్నిటికీ నిలిచినదే మంచి పౌచ్. శాఖ ఇచ్చినది ఈ పరీక్షకు నిలిస్తే కొత్తది కొనే పనే లేదు. సొంతది వాడాలంటే ముందు అనుమతి తీసుకోవాలి.

ఈ పరీక్ష నా పాత పౌచ్‌కు పెట్టి చూశాను. మూత కుట్లు ఊడి ఉన్నాయి గాని నడక సరిగ్గానే ఉంది. కోయిలకుంట్లలో చెప్పులు కుట్టే పెద్దాయన దగ్గరికి తీసుకుపోయాను. ఆయన మైనం పట్టించిన దారంతో కుట్లు వేసి, తోలు తడిపి, మ్యాగజైన్ కొలతకు చేసిన చెక్క అచ్చు లోపల దూర్చి, నీడన రెండు రోజులు ఆరబెట్టాడు. తోలు ఆ ఆకారానికే బిగుసుకుంది. "ఇంగ నువ్వు తీస్తేనే వస్తాది, అది రాదు" అన్నాడు. మ్యాగజైన్ పౌచ్ గురించి అంతకంటె చక్కని నిర్వచనం నాకు ఎక్కడా దొరకలేదు.

విద్యార్థి మిత్రులారా, మీలో ఎన్‌.సి.సి. వాళ్లు ఉన్నారు, రేపు పోలీసు శాఖలో చేరేవాళ్లూ ఉంటారు. కాల్చవలసిన రోజు మీ జీవితంలో ఎన్నడూ రాకపోవచ్చు. రాకూడదనే నా కోరిక. నా కొలువులో ఆ రెండో మ్యాగజైన్ కాల్పులకు ఒక్కసారి కూడా అవసరపడలేదు. కాని తూటాలు మోయవలసిన రోజు ప్రతిరోజూ వస్తుంది. కొన్న వస్తువు నిగనిగలాడుతూ ఉంటే, బండ మీద వరసగా నిలబడ్డ ఆ మూడు తూటాలను ఒకసారి తలుచుకోండి.