దాచిన దృశ్యాలు

1937లో న్యూయార్కు నుండి ఐర్లండుకు సాగుతున్న ఓడలో ఎ.కె. చెట్టియార్ అనే తమిళ యాత్రా రచయితకు ఒక సంకల్పం కలిగింది. గాంధీజీ జీవితాన్ని చలనచిత్రంగా రూపొందించాలి. నటులతో కాదు, ఆ మహాత్ముణ్ణే తెరపై చూపాలి. గడిచిన సంఘటనలను మళ్లీ చిత్రీకరించడం ఎవరితరం? ఛాయాగ్రాహకులు అంతకుముందే తీసిన దృశ్యాలే శరణ్యం. చెట్టియార్ దేశదేశాలు తిరిగి, సుమారు 100 మంది మూడు దశాబ్దాలలో తీసిన 50,000 అడుగుల ఫిల్మును సేకరించారు. 1940లో తమిళ వ్యాఖ్యానంతో చిత్రం విడుదలైంది. తరువాత తెలుగు వ్యాఖ్యానమూ సమకూరింది.

ఆ రీళ్లను ఎవరో పారవేయకుండా ఉంచబట్టే ఈ కృషి ఫలించింది. ఉంచడం సులభం కాదు. ఆనాటి ఫిల్ము చాలావరకు నైట్రేటుతో తయారయ్యేది. వేడికీ తేమకూ అది జిగురుగా మారి, చివరకు పొడి అవుతుంది. నిప్పంటుకుంటే నీరు చల్లినా ఆరదు. కనుక భాండాగారాలు దానిని చల్లని పొడి గదులలో భద్రపరచి, నకలు ప్రతులు తీయిస్తాయి. ప్రతి రీలుకూ తేదీ, స్థలం, అందులో కనిపించే వ్యక్తుల పేర్లు రాసిపెట్టడం మరింత ఓపికతో కూడిన పని. వివరాలు లేని రీలు ఎంత అపురూపమైనదైనా, వెతుక్కుంటూ వచ్చిన దర్శకుని చేతికి అందదు.

విచారకరమైన విషయం ఏమిటంటే, ఇన్ని రీళ్లను వెలికితీసిన చెట్టియార్ చిత్రమే దశాబ్దాలపాటు కనిపించకుండా పోయింది. పుణేలో జాతీయ చలనచిత్ర భాండాగారం ఏర్పడింది 1964లో. 1953లో అమెరికాలో ప్రదర్శించిన సంక్షిప్త ఆంగ్ల ప్రతిని 2006లో చరిత్రకారుడు ఎ.ఆర్. వేంకటాచలపతి గుర్తించారు. అది శాన్‌ఫ్రాన్సిస్కోలోని ఒక విశ్వవిద్యాలయంలో మిగిలి ఉంది.