ముఖ నాడులకు ఊరట: న్యూరోసర్జరీ బృందంలో కెరీర్ దారులు

పళ్లు తోముకోవాలంటే భయం. ముఖం మీద నీళ్లు చల్లుకోవాలంటే భయం. ఫ్యాను గాలి చెంపకు తగిలినా షాక్ కొట్టినంత నొప్పి. ట్రైజెమినల్ న్యూరాల్జియా ఉన్నవాళ్ల రోజువారీ బాధ ఇది. నొప్పి దవడలో తెలుస్తుంది కాబట్టి చాలామంది ముందుగా పంటి డాక్టరు దగ్గరికే వెళ్తారు. ఒక పన్ను తీయించుకుని, తగ్గకపోతే పక్కది కూడా తీయించుకున్నవాళ్లు ఉన్నారు. అసలు కారణం పంటిలో ఉండదు. చాలామందిలో మెదడు కాండం నుంచి ఐదో కపాల నాడి బయలుదేరే చోట ఒక రక్తనాళం దాన్ని ఒరుసుకుంటూ ఉంటుంది. గుండె కొట్టుకున్నప్పుడల్లా ఆ ఒత్తిడి పడీ పడీ నాడి మీది పొర దెబ్బతింటుంది. తొడుగు ఊడిన కరెంటు తీగలా ఆ నాడి తప్పుడు సంకేతాలు పంపుతుంది.

ఇదే ఒత్తిడి ఏడో నాడి మీద పడితే నొప్పి ఉండదు, ముఖం ఒక పక్క అదరడం మొదలవుతుంది. దాన్ని హెమీఫేషియల్ స్పాజం అంటారు. కన్ను అదిరితే మంచికో చెడుకో శకునం అనుకునే అలవాటు మనలో ఉంది. మామూలు అదురు కొన్ని రోజుల్లో దానంతటదే పోతుంది. ఈ జబ్బులో మాత్రం కంటి దగ్గర మొదలై చెంపకు, మూతికి పాకుతుంది, నిద్రలోనూ ఆగదు. నలుగురిలోకి వెళ్లడానికి, ఇంటర్వ్యూకు కూర్చోవడానికి రోగులు జంకుతారు.

మొదటి జబ్బుకు కార్బమజపైన్ మాత్రలు, రెండోదానికి బొటాక్స్ ఇంజెక్షన్లు ఉపశమనం ఇస్తాయి. మందులు చాలనివాళ్లకు, వాటిని తట్టుకోలేనివాళ్లకు మైక్రోవాస్కులర్ డికంప్రెషన్ అనే ఆపరేషన్ ఉంది. చెవి వెనుక ఎముకలో చిన్న కిటికీ తెరిచి, మైక్రోస్కోపులో చూస్తూ రక్తనాళాన్ని నాడి నుంచి విడదీసి, రెండింటి మధ్య టెఫ్లాన్ పీచు పెడతారు. నాడిని కోయరు, కాల్చరు. కారణాన్నే తొలగిస్తారు. ఇలాంటి పనిలో భాగం కావాలనుకునే విద్యార్థికి ఒక్క సర్జన్ దారే కాదు, చాలా దారులున్నాయి.

గమనించిన కన్ను

ఈ ఆపరేషన్ వెనుక ఉన్న కథ కెరీర్ ఎంచుకునేవాళ్లకు పనికొస్తుంది. 1930లలో అమెరికన్ సర్జన్ వాల్టర్ డాండీ ఐదో నాడి మీద రక్తనాళాలు ఆనుకుని ఉండటం చూసి, నొప్పికి అదే కారణం కావచ్చని రాశారు. 1959లో జేమ్స్ గార్డ్‌నర్ రక్తనాళాన్ని పక్కకు జరిపి చికిత్స చేసిన అనుభవాన్ని ప్రచురించారు. అప్పటికి న్యూరోసర్జరీలో మైక్రోస్కోపు వాడకం ఇంకా మొదలవుతూనే ఉంది.

1960ల మధ్యలో లాస్ ఏంజెలెస్‌లో శిక్షణలో ఉన్న పీటర్ జానెట్టా అనే యువ వైద్యుడు డెంటల్ విద్యార్థుల అనాటమీ పాఠం కోసం కపాల నాడులను విడదీస్తూ, ఐదో నాడిని నొక్కుతున్న రక్తనాళాన్ని మైక్రోస్కోపులో చూశారు. చూసి వదిలేయలేదు. 1966 నుంచి రోగులకు ఈ పద్ధతిలో ఆపరేషన్లు మొదలుపెట్టి, తర్వాత పిట్స్‌బర్గ్ విశ్వవిద్యాలయంలో దాన్ని స్థిరపరిచారు. చాలామంది సహచరులు ఏళ్ల తరబడి నమ్మలేదు. ఆయన వాదనతో కాక ఫలితాలతో జవాబిచ్చారు. 1996లో న్యూ ఇంగ్లండ్ జర్నల్ ఆఫ్ మెడిసిన్‌లో ఆయన బృందం 1,185 మంది ట్రైజెమినల్ న్యూరాల్జియా రోగుల వివరాలు ప్రచురించింది. ఆపరేషన్ జరిగిన పదేళ్ల తర్వాత కూడా 70 శాతం మందికి మందుల అవసరం లేకుండా నొప్పి పోయింది. హెమీఫేషియల్ స్పాజం మీద చేసిన వేరే అధ్యయనంలో పదేళ్ల తర్వాత మంచి ఫలితం నిలిచినవారు 84 శాతం.

మొదటి ఏడాది ఎంబీబీఎస్‌లో అనాటమీని పరీక్ష గట్టెక్కడానికి మాత్రమే చదివేవాళ్లు ఈ ఉదాహరణను గుర్తుంచుకోవాలి. కపాల నాడుల పాఠం బట్టీ పట్టడానికి కష్టమైనదే. కానీ ఈ రంగానికి పునాది అదే.

సర్జన్ కావాలంటే

ఇంటర్ బైపీసీ తర్వాత నీట్ రాసి ఎంబీబీఎస్‌లో చేరాలి. ఇంటర్న్‌షిప్‌తో కలిపి అది ఐదున్నరేళ్లు. అక్కడి నుంచి రెండు దారులు. నీట్ పీజీతో మూడేళ్ల ఎంఎస్ జనరల్ సర్జరీ, ఆ తర్వాత నీట్ ఎస్ఎస్ రాసి మూడేళ్ల ఎంసీహెచ్ న్యూరోసర్జరీ చేయడం మొదటిది. ఎంబీబీఎస్ నుంచి నేరుగా ఆరేళ్ల కోర్సులో చేరడం రెండోది. ఢిల్లీ ఎయిమ్స్, బెంగళూరు నిమ్హాన్స్ లాంటి సంస్థలు ఐఎన్ఐ సెట్ ద్వారా ఇలాంటి సీట్లు ఇస్తాయి. నేషనల్ బోర్డు నిర్వహించే డీఆర్ఎన్‌బీలోనూ ఆరేళ్ల కోర్సు ఉంది. లెక్క కడితే రెండు దారులూ పదకొండున్నరేళ్లే. తేడా ఏమిటంటే నేరుగా వెళ్లేవాళ్లకు మధ్యలో మరో పోటీ పరీక్ష ఉండదు. జనరల్ సర్జరీ ద్వారా వెళ్లేవాళ్లకు న్యూరోసర్జరీ తమకు సరిపడుతుందో లేదో తేల్చుకునే వ్యవధి దొరుకుతుంది.

దేశంలో ఈ విభాగానికి పునాది వేసింది డాక్టర్ జాకబ్ చాందీ. 1949లో వెల్లూరు సీఎంసీలో తొలి న్యూరోసర్జరీ విభాగం ఆయన నెలకొల్పిందే. విశాఖ కేజీహెచ్‌లో ఆచార్య ఎస్. బాలపరమేశ్వరరావు అలాంటి విభాగాన్ని నిలబెట్టారు. ఇప్పుడు హైదరాబాద్‌లో నిమ్స్, ఉస్మానియా మెడికల్ కాలేజీ, ఆంధ్రప్రదేశ్‌లో ఆంధ్రా మెడికల్ కాలేజీ, గుంటూరు మెడికల్ కాలేజీ, తిరుపతి స్విమ్స్ ఎంసీహెచ్ న్యూరోసర్జరీకి తెలిసిన పేర్లు.

డిగ్రీ చేతికొచ్చినంత మాత్రాన ఈ ఆపరేషన్ చేయడం రాదు. ఏడో నాడి పక్కనే వినికిడి నాడి ఉంటుంది. మెదడును కాస్త ఎక్కువ పక్కకు లాగినా రోగికి ఆ చెవి శాశ్వతంగా వినిపించకపోవచ్చు. అందుకే చాలామంది స్కల్ బేస్ సర్జరీలో ఫెలోషిప్ చేసి, సీనియర్ల పక్కన నిలబడి, కెడావర్ ల్యాబుల్లో చేతిని దిద్దుకున్నాకే సొంతంగా చేస్తారు.

ఏడో నాడి చెవి ఎముక లోపల సన్నని కాలువలో కూడా ప్రయాణిస్తుంది. ప్రమాదాల్లో ఆ ఎముక విరిగి నాడి నలిగినప్పుడు, ఎంపిక చేసిన కొందరు రోగులకు ఈఎన్‌టీ సర్జన్లు ఆ కాలువను తెరుస్తారు. ఎంఎస్ ఈఎన్‌టీ తర్వాత న్యూరోటాలజీలో ఫెలోషిప్ చేసేవాళ్ల దారి ఇది.

తెర ముందు కూర్చునేవాళ్లు

ఆపరేషన్ గదిలో మైక్రోస్కోపు దగ్గర సర్జన్ ఉంటే, కొంచెం దూరంలో ఒకరు కంప్యూటర్ తెర మీద గీతలు చూస్తూ కూర్చుంటారు. వాళ్ల పని ఇంట్రాఆపరేటివ్ న్యూరోమానిటరింగ్. రోగి చెవిలో టిక్ టిక్ మని శబ్దాలు పంపి, మెదడు కాండం వాటికి ఎలా స్పందిస్తోందో కొలుస్తారు. తరంగం ఆలస్యమవుతుంటే వెంటనే సర్జన్‌కు చెబుతారు, ఆయన చేయి ఆపుతారు. వినికిడి దక్కేది ఆ హెచ్చరిక వల్లే.

హెమీఫేషియల్ స్పాజంలో ఇంకో పరీక్ష ఉంది. ఏడో నాడిలో ఒక కొమ్మను విద్యుత్తుతో ప్రేరేపిస్తే, ఆ జబ్బు ఉన్నవాళ్లలో సంబంధం లేని వేరే కండరం కూడా స్పందిస్తుంది. రక్తనాళాన్ని సరిగ్గా విడదీయగానే చాలామందిలో ఆ అసహజ స్పందన ఆగిపోతుంది. ఒత్తిడి పెడుతున్న రక్తనాళం దొరికిందని చెప్పే గట్టి సూచన అది. ఈ పద్ధతులను పిట్స్‌బర్గ్‌లో జానెట్టాతో కలిసి అభివృద్ధి చేసిన ఆగె మోలర్ సర్జన్ కాదు, స్వీడన్‌లో చదువుకున్న ఫిజియాలజిస్టు. కత్తి పట్టని శాస్త్రవేత్త ఒక ఆపరేషన్‌ను సురక్షితం చేశారు.

ఈ పనికి న్యూరోఫిజియాలజీ, న్యూరో టెక్నాలజీ కోర్సులు ఉన్నాయి. నిమ్హాన్స్, తిరువనంతపురం శ్రీచిత్ర సంస్థ ఈ తరహా శిక్షణకు పేరున్నవి. తెలుగు రాష్ట్రాల్లో కాళోజీ ఆరోగ్య విశ్వవిద్యాలయం, డాక్టర్ ఎన్టీఆర్ ఆరోగ్య విశ్వవిద్యాలయం అలైడ్ హెల్త్ కోర్సులకు వేర్వేరుగా నోటిఫికేషన్లు ఇస్తాయి. నీట్‌లో ర్యాంకు రాలేదని కుంగిపోయే బైపీసీ విద్యార్థులు వీటిని ఒకసారి శ్రద్ధగా చదవాలి.

బృందంలో మిగతావాళ్లు

మత్తు డాక్టరు పాత్ర కూడా కీలకం. కండరాల స్పందన చూడాల్సిన ఆపరేషన్‌లో కండరాలను పూర్తిగా స్తంభింపజేసే మందులు వాడకూడదు, అలాగని రోగి కదలకూడదు. ఎండీ అనస్తీషియా తర్వాత డీఎం న్యూరోఅనస్తీషియా చేసినవాళ్లకు ఈ నైపుణ్యం ఉంటుంది. ఏ రక్తనాళం ఏ నాడిని తాకుతోందో పలుచని పొరల ఎంఆర్ఐలో చూపించేది రేడియాలజీ బృందం. బీఎస్సీ నర్సింగ్ చేసినవాళ్లు న్యూరోసైన్స్ నర్సింగ్‌లో ప్రత్యేక శిక్షణ తీసుకోవచ్చు. ఆపరేషన్ తర్వాత మొదటి గంటల్లో కళ్లు, మాట, మింగడం, వినికిడిలో వచ్చే చిన్న మార్పునైనా ముందు పట్టుకునేది వాళ్లే. బీడీఎస్ విద్యార్థుల బాధ్యతా తక్కువది కాదు. ఈ నొప్పిని మొదటి రోజే గుర్తించి న్యూరాలజిస్టు దగ్గరికి పంపితే, రోగి మంచి పళ్లు పోగొట్టుకోడు.

నిర్ణయానికి ముందు

న్యూరోసర్జన్ కావాలనుకునే విద్యార్థి ముప్పై ఏళ్ల వయసు వరకు సాగే చదువు, రాత్రి డ్యూటీలు, ఇంటి ఆర్థిక పరిస్థితి ముందే లెక్క వేసుకోవాలి. తల్లిదండ్రులతో ఈ మాట దాపరికం లేకుండా మాట్లాడాలి. త్వరగా సంపాదన అవసరమైతే టెక్నాలజీ, నర్సింగ్ కోర్సులు నాలుగైదేళ్లలోనే అదే ఆపరేషన్ గదిలోకి తీసుకెళ్తాయి. అది తక్కువ దారి కాదు, వేరే దారి.

అలైడ్ హెల్త్ కోర్సుల నియంత్రణకు 2021లో కేంద్రం జాతీయ కమిషన్ చట్టం తెచ్చింది. అయినా గుర్తింపు లేని సంస్థల ప్రకటనలు ఇంకా కనిపిస్తూనే ఉన్నాయి. ఫీజు కట్టే ముందు ఆ కాలేజీ పేరు విశ్వవిద్యాలయం జాబితాలో ఉందో లేదో చూసుకోండి. విద్యార్థులకు న్యూరోసర్జరీ జరిగే ఆసుపత్రిలోనే శిక్షణ ఇస్తారా అని అడగండి, అక్కడ చదువుతున్న సీనియర్లతో నేరుగా మాట్లాడండి. ఈ మూడూ తేలాకే దరఖాస్తు నింపండి.